చెట్టు లోపలి గది

ఆసుపత్రిలో మా ఆవిణ్ణి అందరూ ‘స్టాండు’ అని పిలిచేవారు. ఎగతాళికి కాదు. కడుపు కొయ్యకుండా చిన్న చిన్న రంధ్రాలు పెట్టి చేసే ఆపరేషన్లు ఉంటాయి చూడండి, వాటిలో డాక్టరు రెండు చేతులూ పనిముట్ల మీదే ఉంటాయి. లోపల ఏం జరుగుతోందో తెర మీద చూపించే కెమెరా గొట్టాన్ని పక్కన ఇంకొకరు పట్టుకోవాలి. ఆ ఇంకొకరు మా ఆవిడ. పెన్సిలంత గొట్టం, దాని కొసన గాజు కన్ను. గంట పట్టనీ, నాలుగు గంటలు పట్టనీ, తెర మీద బొమ్మ అదరకూడదు. పదకొండేళ్ళలో ఆమె చేతిలో ఒక్కసారి కూడా అదరలేదంటారు. ఇంట్లో మాత్రం అదే చేత్తో నెలకో గ్లాసు పగలగొడుతుంది. అది వేరే సంగతి.

నేను లిఫ్టు మెకానిక్కుని. సాయంత్రం టీ తాగుతూ ఎవరి పని గురించి వాళ్ళం చెప్పుకునేవాళ్ళం. ఏ అంతస్తుకీ ఏ అంతస్తుకీ మధ్య ఎవరు ఇరుక్కుపోయారో నేను చెప్పేవాణ్ణి. ఆమె ఎవరి పేరూ ఎత్తకుండా లోపలి సంగతులు చెప్పేది. “ఊపిరి తీసినప్పుడల్లా కాలేయం అంచు మెల్లగా కిందికి జారి, మళ్ళీ పైకొస్తుంది. ఎంత బాగుంటుందో తెలుసా!” అనేది. “టీ తాగే వేళ ఆ కాలేయాల గోలేమిటే తల్లీ,” అని మా అమ్మ విసుక్కునేది. కానీ కుర్చీలోంచి లేచిపోయేది కాదు.

మా బతుకు మలుపు తిరిగింది ఒకాయన పిత్తాశయంలో రాళ్ళవల్ల. ఆయన అడవి జంతువుల మీద డాక్యుమెంటరీ సినిమాలు తీసే డైరెక్టరు. ఆపరేషన్ అయిన మర్నాడు పెద్ద డాక్టరు గారు అలవాటు ప్రకారం రికార్డింగు తెచ్చి చూపించారు. పేషెంట్లందరూ తమ రాళ్ళు చూసుకుని ముచ్చటపడతారు. ఈయన రాళ్ళవంక చూడనే లేదట.

“ఇది ఎవరు తీశారు?” అన్నారు.

“నేనే కదండీ చేసింది,” అన్నారు పెద్ద డాక్టరు గారు.

“చేసింది మీరు. తీసిందెవరు?”

ఏం తప్పు జరిగిందోనని మా ఆవిడ బిక్కుబిక్కుమంటూ వార్డులోకి వెళ్ళింది. డైరెక్టరు గారు తెరను ఆమె వైపు తిప్పారు. “లోపలంతా వేడి, చెమ్మ. అద్దానికి ఆవిరి పట్టి బొమ్మ మసకబారాలి. ఇక్కడ ఒక్కచోట కూడా పట్టలేదు. ఏం చేశారమ్మా?”

“ఏముంది సార్, లోపల పెట్టేముందు గొట్టం కొసని ఫ్లాస్కులో వేడినీళ్ళలో ఉంచుతాం. లోపలెంత వేడిగా ఉంటుందో అద్దమూ అంతే వేడిగా ఉంటే ఇంక ఆవిరెందుకు పడుతుంది?”

ఆయన నుదురు కొట్టుకున్నారు. ఆ ఊపుకి కుట్లు లాగి “అబ్బా!” అని పొట్ట పట్టుకున్నారు. “రెండేళ్ళు! రెండేళ్ళు ఆ ఆవిరితోటే చచ్చాను. ఫ్లాస్కు!” అని నవ్వొచ్చి, నవ్వితే నొప్పొచ్చి, ఏమీ చెయ్యలేక కళ్ళు మూసుకున్నారు.

ఆయన్ని రెండేళ్ళు ఏడిపించింది హార్న్‌బిల్ అనే పక్షి. పొడుగాటి వంకర ముక్కు, దాని మీద చిన్న కొమ్ములాంటి బుడిపె. గుడ్లు పెట్టే కాలం రాగానే ఆడపక్షి చెట్టు తొర్రలోకి దూరి, తన రెట్టా, తిన్న పళ్ళ పిప్పీ కలిపి ద్వారాన్ని లోపల్నుంచి తనే పూడ్చేసుకుంటుంది. ముక్కు పట్టేంత చీలిక మాత్రం వదులుతుంది. నెలల తరబడి మగపక్షి ఆ చీలికలోంచి తిండి అందిస్తుంది. బయటి సంగతి ఎంతోమంది తీశారు. ఆ గోడ వెనక రోజు రోజూ ఏం జరుగుతుందో దగ్గరనుంచి తియ్యాలని ఆయన పట్టుదల.

వారం తిరక్కుండా ఆయన మా ఇంటికొచ్చారు. మూడు నెలలు అడవికి రమ్మన్నారు. మా ఆవిడ నా వంక చూసింది, నేను మా అమ్మ వంక చూశాను.

“మనుషుల కడుపుల్లో చూసింది చాల్లేదా, ఇప్పుడు చెట్ల కడుపుల్లో కూడానా?” అంది అమ్మ. ఆ మాట అంటూనే లేచి వెళ్ళి అటక మీది పెద్ద సూట్‌కేసు దింపమంది నన్ను.

పెద్ద డాక్టరు గారు సెలవు కాగితం మీద సంతకం చేస్తూ డైరెక్టరు గారితో, “నా కళ్ళు పట్టుకుపోతున్నారు, జాగ్రత్తగా తిరిగివ్వండి,” అన్నారట.

నేనెందుకు వెళ్ళానంటే, మా ఆవిణ్ణి దిగబెట్టడానికి వెళ్ళి ఆ చెట్టుకి వేసిన నిచ్చెన చూశాను. ముప్పై అడుగులు. అడుగు వేస్తే కిర్రుమంటోంది. పక్షి బెదరకుండా ఇదెక్కడం ఎలా? “సార్, చప్పుడు కాకుండా మనిషిని పైకి చేర్చడమే కదా, అది నా పని,” అన్నాను. మోటారు లేదు, ఏమీ లేదు. చక్రం మీద తాడు, ఒక కొసన మనిషి కూర్చునే బల్ల, రెండో కొసన ఆ మనిషికి సమానమైన ఇసక బస్తా. వేలితో లాగితే వెన్నలా పైకి పోవాలి. తీరా ఎక్కిస్తే సగం దాకా వెళ్ళి ఆగిపోయింది. చూడబోతే మా ఆవిడ తన బరువు రెండు కిలోలు తగ్గించి చెప్పింది. ఆమె గాల్లో వేలాడుతూ కిందికి చూడకుండా, “ఇసక ఆరి తేలికైందేమో,” అంది. నేను మాట్లాడకుండా బస్తాలో రెండు కిలోలు కలిపాను. కాపురాలు అలా నిలబడతాయి.

తొర్ర వెనకవైపు మాను మీద, పక్షి రాకముందే, పెన్సిలు పట్టేంత రంధ్రం చేసి బిరడా బిగించి ఉంచారు. దాని ముందు గుడ్డ గూడు కట్టి, కూర్చోడానికి ఇంకో బల్ల వేశాం. మేం వెళ్ళేసరికి ఆడపక్షి గోడ కట్టుకుని తొమ్మిది రోజులైంది. డైరెక్టరు గారు ఎదురుగా కొంచెం దూరంలో ఇంకో మాటులో బయటి కెమెరాతో కూర్చునేవారు. వాళ్ళిద్దరూ వాకీటాకీలో గుసగుసగా మాట్లాడుకుంటారు. చెట్టు కింద నా దగ్గర ఇంకో తెర, ఇంకో వాకీటాకీ, వేడినీళ్ళ ఫ్లాస్కులు. లోపల పక్షి కంటికి కనబడని రకం దీపం వాడతారు కాబట్టి బొమ్మంతా నలుపు తెలుపుల్లోనే వస్తుంది.

మొదటిసారి ఆమె బిరడా తీసి గొట్టం లోపలికి జరిపినప్పుడు నా తెర మీద ముందు చీకటి, తర్వాత చెక్క గీతలు, తర్వాత ఒక కన్ను. ఇంత పెద్ద కన్ను, చుట్టూ వెంట్రుకల్లాంటి రెప్పలు. అది రెప్ప వేసింది. నాకు తెలియకుండానే లేచి నిలబడ్డాను.

లోపల ఇల్లు ఎంతో కాదు, మన వంటింట్లో పెద్ద గిన్నెంత. అందులో ఆ తల్లి తోక గోడకి ఆనించి నిలువుగా పెట్టుకుని ముడుచుకు కూర్చుంది. దాని చుట్టూ పొడుగాటి ఈకలు రాలి పడి ఉన్నాయి. ఒకటీ అరా కాదు, రెక్కల ఈకలన్నీ, తోక ఈకలన్నీ.

“జబ్బు చేసిందా సార్?” అంది మా ఆవిడ గుసగుసగా.

“లేదమ్మా. లోపలికి వెళ్ళాక అన్నీ రాల్చేసుకుంటుంది. మళ్ళీ మొలిచేదాకా ఎగరలేదు.”

తలుపు మూసుకోవడమే కాదు, బయటపడే దారి కూడా తనే వదులుకుంది. ఇంక దాని ప్రాణం, గుడ్ల ప్రాణం అంతా ఆ చీలికలోంచి వచ్చే ముక్కు మీదే.

ఆ ముక్కు వచ్చింది. ముందు రెక్కల చప్పుడు, ఎవరో తడి దుప్పటి దులిపినట్టు. మగపక్షి మాను మీద వాలి, మెడ ఒక్కసారి విదిలించి, గొంతులోంచి ఒక పండు ముక్కు కొసకి తెచ్చింది. అందించింది. మళ్ళీ మెడ విదిలించింది, ఇంకో పండు. మళ్ళీ, మళ్ళీ. నేను లెక్కపెట్టాను, ఇరవై మూడు. సంచీ లేకుండా బజారు చేసుకొచ్చే మొగుణ్ణి అప్పుడే చూడటం. “చూస్తున్నారా?” అని పైనుంచి మా ఆవిడ గొంతు వినిపించింది. డైరెక్టరు గారితో కాదు, నాతో. నేను చూస్తున్నానన్నాను.

మొదట్లో ఆమె ప్రతిదానికీ ఆయన్నే అడిగేది. “ఇప్పుడెటు చూపించమంటారు సార్?” ఆపరేషన్ థియేటర్లో పదకొండేళ్ళ అలవాటు. ఎడమకి అంటే ఎడమకి, పైకి అంటే పైకి, అక్కడే ఉంచు అంటే అక్కడే. ఆయన చెప్పేవారు, ఆమె వెంట్రుకవాసి జరిపేది. పక్షి ఊపిరి తీసేటప్పుడు గొట్టాన్ని ఆపేసి, ఊపిరి వదిలేటప్పుడు మాత్రమే కదిపేది. అందుకేనేమో, ఆ తల్లి ఒక్కసారి కూడా ఆ గొట్టాన్ని పొడవలేదు. “ఆవిడ ఊపిరి నాకు పట్టుబడింది,” అని టీ దగ్గర చెప్పింది. ‘అది’ పోయి ‘ఆవిడ’ ఎప్పుడయిందో నేను గమనించలేదు.

గుడ్లు రెండు. మొదటిది పగిలిన రోజు మధ్యాహ్నం ఎండ మండిపోతోంది. పెంకు మీద చిన్న చుక్క, చుక్క నుంచి గీత, గీతలోంచి గోరంత మెత్తటి ముక్కు. పిల్ల బయటపడింది. కళ్ళు లేవు, ఈక లేదు. చర్మం ఎంత పల్చగా ఉందంటే లోపల గుండె కొట్టుకోవడం కనిపిస్తోంది. ఆమె గొట్టాన్ని దగ్గరికి జరిపింది. తెర నిండా ఆ గుండె. పెసరగింజంత. టకటకటక.

“ఇక్కడ కొయ్యకుండానే అన్నీ కనిపిస్తున్నాయి,” అంది. తర్వాత చాలాసేపు ఆమె ముక్కు ఎగబీలుస్తున్న చప్పుడు. గొట్టం మాత్రం అదరలేదు.

నాలుగు రోజులకి రెండోది. పిల్లలు పెరిగేకొద్దీ చెట్టు కింద నా ఉద్యోగం ప్రమాదంలో పడింది. వాటికి కళ్ళు తెరవకముందే ఒక విద్య వచ్చేసింది. వెనక్కి తిరిగి, పిర్ర ఎత్తి, గురి చూసి, ఆ సన్నటి చీలికలోంచి రెట్టను బయటికి కొట్టడం. మొదట్లో గోడకి తగిలేది, తర్వాత్తర్వాత గురి కుదిరింది. ఒకనాడు నా ఫ్లాస్కు మూత మీద పడింది. పైన మా ఆవిడ గుడ్డ గూడులో నోరు నొక్కుకుని నవ్వుతోంటే తాడు ఊగుతోంది.

ఇలా రెండు నెలలు దాటింది. తల్లికి కొత్త ఈకలు వచ్చాయి. పిల్లలకి ఇంకా రాలేదు. ఒళ్ళంతా ఈకల మొనలే, ముళ్ళపంది పిల్లల్లా. ముగ్గురికీ ఆ గిన్నెంత ఇంట్లో చోటు చాలక ఒకరి మీద ఒకరు.

ఒక ఉదయం తల్లి లేచి గోడను పొడవడం మొదలుపెట్టింది. ఆ గోడ నేను బయట ముట్టుకుని చూసినంతవరకు అచ్చం సిమెంటే. గంటసేపు టక్కు టక్కుమని పొడిచింది. పెళ్ళ ఊడింది. వెలుగు లోపలికి పడింది. అన్నాళ్ళ తర్వాత ఆ గదిలోకి వెలుగు! పిల్లలు రెండూ మూలకి నక్కాయి.

“వస్తోంది, బయటికొస్తోంది,” అన్నారు డైరెక్టరు గారు. “అమ్మా, ద్వారం మీదే ఉంచండి. వెలుగుకి ఎదురుగా తల్లి నీడ పడాలి.”

మా ఆవిడ ద్వారం మీదే ఉంచింది. తల్లి తల దూర్చింది, భుజం దూర్చింది, ఒక్క తోపు తోసుకుని వెళ్ళిపోయింది. తెర మీద ఖాళీ ద్వారం, అందులో ఆకాశం.

“అక్కడే ఉంచండి. పిల్లలు వెనకే వస్తాయి. ద్వారం, ద్వారం మీదే!”

అప్పుడు తెర కదిలింది. ఆమె గొట్టాన్ని మెల్లగా ద్వారం మీంచి తప్పించి, మూలనున్న పిల్లల మీదికి తిప్పింది.

“అమ్మా, ద్వారం! ద్వారం!” ఆయన గొంతు పెరిగింది. “వినిపిస్తోందా?”

జవాబు లేదు. వాకీటాకీ పాడైందేమో అనుకున్నాను. ఎక్కే బల్లను కిందికి దింపుకుని, తాడు లాక్కుంటూ పైకి వెళ్ళాను. ఆమె ఎడమ చేత్తో వాకీటాకీ పట్టుకునే ఉంది. చెవి దగ్గరే ఉంది. నన్ను చూసి మాట్లాడొద్దన్నట్టు తల ఊపి, కళ్ళతో తెర వైపు చూపించింది.

పెద్దపిల్ల మూలనుంచి లేచింది. బయటికి పోవడానికి కాదు. నేల మీద పడి ఉన్న పెళ్ళల్లోంచి ఒక ముక్క ముక్కుతో పట్టుకుంది. తడబడుతూ ద్వారం దగ్గరికి నడిచింది. అంచు మీద ఆ ముక్క పెట్టింది. ముక్కు పక్కకి వాల్చి, ఆ చదును భాగంతో తట్టడం మొదలుపెట్టింది. టపటపటప. తాపీ పనివాడు గరిటెతో అద్దినట్టు. వెనక్కి వెళ్ళింది. తడి రెట్ట తీసుకొచ్చింది. పండు తొక్క తీసుకొచ్చింది. అద్దింది, తట్టింది. పుట్టి నెల కాలేదు. గోడ కట్టడం అది ఎన్నడూ చూడలేదు. అది పుట్టేసరికే ఆ గోడ ఉంది.

చిన్నపిల్ల కాసేపు చూసి, తనూ ఒక ముక్క పట్టుకొచ్చింది. పెట్టింది. అది జారి బయట పడిపోయింది. తల బయటికి పెట్టి, ముప్పై అడుగుల కింద పడ్డ ఆ ముక్క వంక చూసింది. వెనక్కి వెళ్ళి ఇంకొకటి తెచ్చింది. ఈసారి అక్క పక్కన నిలబడి, అక్క ఎలా తడితే అలా తట్టింది. అక్కో అన్నో తెలియదనుకోండి, మా ఆవిడ అక్కే అంది.

వాకీటాకీలో మాట ఆగిపోయింది. డైరెక్టరు గారు తన దగ్గరున్న చిన్న తెరలో చూస్తున్నారని అర్థమైంది.

మధ్యలో తండ్రి వచ్చాడు. సగం లేచిన గోడ ముందు వాలి, పండు ముక్కున పట్టుకుని ఆగాడు. పిల్లలు పని మానలేదు. కాసేపటికి చిన్నది నోరు తెరిచింది. దానికి పెట్టాడు. తర్వాత తల్లి కూడా పండు తెచ్చింది. రెండు నెలల తర్వాత రెక్క విప్పిన తల్లి, తాను పగలగొట్టిన గోడను పిల్లలు మళ్ళీ కట్టుకుంటుంటే, బయట నిలబడి వాటికి తినిపించింది.

మూడు గంటల నలభై నిమిషాలు. నేను రెండుసార్లు కిందికి దిగి ఆమెకి మంచినీళ్ళు తెచ్చాను. రెండోసారి వచ్చేసరికి ఆమె ఎడమ కాలు తిమ్మిరెక్కి నీలబడింది. నేను పాదం ఒత్తుతుంటే కూడా ఆమెకి తెలియలేదు. ఆకాశం ముక్క అరచేతంత అయింది, బొటనవేలంత అయింది, చివరికి ముక్కు పట్టే చీలిక మిగిలింది. పిల్లలు రెండూ వెనక్కి జరిగి, ఒకదానికొకటి ఆనుకుని, నిద్రపోయాయి.

ఆమె గొట్టం బయటికి తీసి, బిరడా బిగించి, అప్పుడు వణికింది. చేతులు, భుజాలు, గడ్డం, అన్నీ. నేను ఆమెను అంతకుముందు అలా ఎప్పుడూ చూడలేదు.

కిందికి దిగేసరికి డైరెక్టరు గారు చెట్టు దగ్గరికి వచ్చి నేల మీద చతికిలబడి ఉన్నారు. టోపీ ఒళ్ళో ఉంది.

“నేను ద్వారం ద్వారం అని మొత్తుకుంటుంటే మీకు వినపడలేదా అమ్మా?”

“వినపడింది సార్.”

“మరి?”

“వాటికి ఈకలు లేవు కదండీ. అవెక్కడికి వెళతాయి?” అంది. “పదకొండేళ్ళు ఎవరు ఎటు చూడమంటే అటే చూశాను. ఇవాళ ఎందుకో...” అని చెట్టు పైకి చూసింది. తర్వాత చిన్నపిల్లలా, “క్షమించండి సార్,” అంది.

ఆయన తల అడ్డంగా ఊపారు. “తల్లితోపాటే పిల్లలూ వచ్చేస్తాయనుకున్నాను. మీరు నా మాట విని ఉంటే ఇది నేను చచ్చేదాకా చూసి ఉండేవాణ్ణి కాదు.” ఆ తర్వాత ఎప్పుడూ ఆయన ఆమెకి ఎటు చూడాలో చెప్పలేదు. మళ్ళీ ‘ఎటు సార్’ అని ఆమె అడగనూ లేదు.

ఇంకో మూడు వారాలకి ఈకలన్నీ వచ్చాక పెద్దది గోడ పగలగొట్టుకుని వెళ్ళిపోయింది. చిన్నది అక్క వదిలిన కన్నాన్ని ఒంటరిగా పూడ్చుకుని మూడు రోజులు లోపలే ఉంది. మూడో రోజు పొద్దున్న మా ఆవిడ, “నేను కిందనుంచి చూస్తాను,” అని గొట్టాన్ని స్టాండుకి బిగించి వచ్చి నా పక్కన నిలబడింది.

గోడ పగిలింది. తల బయటికొచ్చింది. మా ఆవిడ నా చెయ్యి గట్టిగా పట్టుకుంది. మేమిద్దరం ఆ పిల్లను దాని గుండె పెసరగింజంత ఉన్నప్పటినుంచి చూస్తున్నాం, కానీ అన్ని రోజులూ నలుపు తెలుపుల్లోనే. ఎండలో ఆ ముక్కు పసుపు. కొసకి వచ్చేసరికి నారింజ. నోరు తెరిస్తే లోపలంతా ఎరుపు. కంటి చుట్టూ లేత నీలం గీత.

“రంగులున్నాయి,” అంది మా ఆవిడ, ఎవరో కొత్త సంగతి చెప్పినట్టు. “చూడండి, దానికి రంగులున్నాయి.”

అది కాసేపు అంచు మీద ఊగి, అమాంతం గాల్లోకి పడి, పడుతూ పడుతూ ఎగిరింది.

ఆ సినిమా చాలామంది చూశారు. మొత్తం నలభై నిమిషాల సినిమాలో గోడ కట్టే భాగం నాలుగు నిమిషాలు. మా అమ్మ అది చూస్తున్నంతసేపూ చేతిలో టీ చల్లారిపోయింది. పెద్ద డాక్టరు గారికి ఆయన ‘కళ్ళు’ మళ్ళీ దొరకలేదు. మా ఆవిడ ఇంకొకరికి ఆ పని నేర్పించి వచ్చేసింది. తర్వాత ఏటిగట్టున లకుముకి పిట్ట సొరంగంలో ఆర్నెల్లు, తేనెపట్టు లోపల ఒక చలికాలం. ఆమె ఎక్కడికి వెళితే అక్కడికి నేను బల్లలు, తాళ్ళు, చక్రాలు కట్టుకుని వెళుతున్నాను. లిఫ్టుల పని వేరేవాళ్ళు చూసుకుంటున్నారు.

ఇప్పుడు సముద్రం ఒడ్డున ఉన్నాం. ఇసకలో రెండడుగుల లోతున తాబేలు గుడ్లు. నిన్న మధ్యాహ్నం అవి పగలడం మొదలైంది. వందకు పైగా పిల్లలు, ఒకదాని మీద ఒకటి, చీకట్లో. ఒక్కటి కదిలితే అన్నీ కదులుతున్నాయి, ఒక్కటి ఆగితే అన్నీ ఆగుతున్నాయి. గొట్టం పక్కన పెట్టిన మైకులో సన్నగా, చాలా సన్నగా, ఏదో చప్పుడు. పైకి రాకముందే అవి ఒకదానితో ఒకటి మాట్లాడుకుంటున్నాయట. మా ఆవిడ ఇసకలో బోర్లా పడుకుని, కుడి చెయ్యి కదపకుండా, ఎడమ చేత్తో అమ్మకి ఫోన్ చేసి, దాన్ని మైకు ఇయర్‌ఫోన్‌కి ఆనించింది.

“విన్నారా అత్తయ్యా?”

అవతల టీ గ్లాసు కింద పెట్టిన చప్పుడు. తర్వాత మా అమ్మ గొంతు, ఎవరో వింటారన్నట్టు మెల్లగా, “ఏమంటున్నాయే?” అంది.

“ఇంకా తెలీలేదు అత్తయ్యా. ఫోన్ పెట్టేయకండి,” అంది మా ఆవిడ.